హీరో జుట్టు, అత్త మొక్కు

డిగ్రీ పట్టా చేతికొచ్చిన కొత్తలో ఊరంతా మంచిరోజుల కోసం పంచాంగం తిరగేస్తుంటే, నేనొక్కణ్ణే చెడ్డరోజులు ఎప్పుడొస్తాయా అని ఎదురుచూసేవాణ్ణి. ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తుంది గానీ ఆ రోజుల్లో నా బతుకంతా దాని మీదే ఆధారపడి ఉండేది. ఎందుకంటే నాకు తెలిసిన ప్రపంచంలో సినిమా తీయడానికి పనికొచ్చే కెమెరా ఒక్కటే. అది మహబూబాబాద్‌లో స్టూడియో అన్న దగ్గర ఉండేది. ముహూర్తం ఉన్న రోజు ఏదో ఒక ఫంక్షన్ హాల్లో తలంబ్రాలు తీస్తూ ఉండేది. మూఢం వస్తే మాత్రం పెళ్ళిళ్ళు ఆగిపోతాయి, బ్యాండువాళ్ళు చేన్ల పనులకు పోతారు, కెమెరా బీరువాలో పడుకుంటుంది. నేను ఆ స్టూడియోలో ఆల్బమ్‌లు అతికించేవాణ్ణి, పెళ్ళిళ్ళలో లైటు పట్టుకునేవాణ్ణి (లైటు పట్టుకున్నవాడి మొహం ఏ వీడియోలోనూ ఉండదు, ఆ కసి కూడా కొంత ఉండేది). ఆ చనువుతో ఒకరోజు కెమెరా అడిగేశాను. స్టూడియో అన్న నన్ను పైనుంచి కిందికి చూసి, "మూఢం పోయేదాక ఉంచుకో డైరెక్టర్ సాబ్. ముహూర్తం ముందురోజు నా కెమెరా నా చేతిల ఉండాలె, గంతే" అన్నాడు. లోకంలో సినిమావాళ్ళంతా ముహూర్తం చూసుకుని కొబ్బరికాయ కొడతారు. ముహూర్తాలు లేకుండా చూసుకుని కొట్టింది బహుశా మేమొక్కళ్ళమే.

మాది నర్సింహులపేట దగ్గర ఊరు. మిర్చి పంట. నేను సినిమాలు తీస్తానన్న నాటి నుంచి మా బాపు నాతో మాట్లాడటం మానేశాడు. కొట్టలేదు, తిట్టలేదు, మాటలన్నీ అమ్మ మీదుగా పంపడం మొదలుపెట్టాడు. ఇద్దరం ఒకే మంచం మీద కూర్చున్నా సరే, "వాన్ని తినుమను" అని అమ్మతో అనేవాడు. "తిన్ననని చెప్పమ్మా" అని నేనూ అమ్మతోనే అనేవాణ్ణి. అటూ ఇటూ తల తిప్పీ తిప్పీ అమ్మకు మెడ నొప్పి పుట్టి, "నేను మీకు ఫోను డబ్బా లెక్క కనవడ్తాన్ననా? ఇద్దరికి నోర్లు లేవా?" అని గిన్నె ఎత్తేసేది. భూపాలపల్లిలో బొగ్గు గనుల దగ్గర మా మేనమామ ఒక కాంట్రాక్టరుతో మాట్లాడి నాకు పని చూసిపెట్టాడు. బాపుకు అది బంగారంలాంటి పని. నాకేమో అక్కడికి పోతే ఇక కెమెరా మొహం చూడనని గట్టి భయం. నేను వెళ్ళనని మొండికేస్తే, చివరికి బాపు అమ్మకు ఎదురుగా కూర్చుని, నాకు వినబడేటట్టు తన షరతు చెప్పాడు. "వానికి చెప్పు. మూఢం పోయేదాక తీసుకొమ్మను. జనగామల చిన్న సినిమాల పోటీ ఉన్నదంటాండు గద, ఆడ ఏసి సూపియ్యమను. మనోళ్ళు గాదు, బయటోళ్ళు, నడుమల లేచి పోకుంట ఆఖరుదాక సూసిండ్రనుకో, వాని ఇష్టం వానిది. లేచి పోయిండ్రా, మల్ల మాట లేదు, భూపాలపల్లి బస్సే." అమ్మ నా వైపు తిరిగి నోరు తెరవబోతే, "ఇన్న" అన్నాను.

సినిమా మొత్తం కలిపి అరగంట. కథ, మాటలు, కెమెరా, దర్శకత్వం, కూర్పు అన్నీ నేనే (గొప్ప కోసం కాదు, వేరే ఎవరూ దొరకలేదు). ఒక తండ్రి, ఒక కొడుకు. ఎడ్లను అమ్మే విషయంలో మాటా మాటా వచ్చి ఇద్దరూ మాట్లాడుకోవడం మానేస్తారు. ఆఖర్న కొడుకు మిర్చి కల్లం దగ్గరికి నడిచొచ్చి తండ్రి ముందు కూర్చుంటాడు, తండ్రి మాటేం లేకుండా మంచినీళ్ళ చెంబు అందిస్తాడు, అంతే. ఈ కథ ఎట్లా తట్టిందని ఎవరైనా అడిగితే "ఊహ" అని చెప్పేవాణ్ణి. తండ్రి వేషానికి మహబూబాబాద్‌లో నాటకాలాడే ఒక పెద్దమనిషిని అడిగాను గానీ, ఆయనకు మాటల్లేని వేషమంటే అవమానంగా తోచింది. కూర్చోమంటే కూర్చుని, ఊరుకోమంటే మాత్రం ఊరుకోలేక పద్యం ఎత్తుకున్నాడు. అంత సేపు నోరు మూసుకుని, అంత కోపం మొహంలో పెట్టుకుని కూర్చోగల మనిషి నాకు తెలిసి ఒక్కడే ఉన్నాడు. అమ్మ మీదుగా అడిగించాను. జవాబు కూడా అమ్మ మీదుగానే వచ్చింది. "నేను యాడికి రాను. కల్లం మీద మిర్చికి కావలి ఉండాలె. వానికి గావాలంటే ఆన్నే వచ్చి తీసుకొమ్మను. మొఖానికి ఏదన్న పూస్తనంటే మాత్రం మంచిగుండదు."

కొడుకు వేషం మా మేనత్త కొడుకుది. నాకు బావ. అతన్ని ఎందుకు తీసుకున్నానంటే జుట్టు చూసి. భుజాల దాకా ఉంగరాలు తిరిగిన జుట్టు. నర్సింహులపేట మండలం మొత్తంలో అటువంటి జుట్టు ఇంకొకరికి లేదని అతనూ నమ్మాడు, నేనూ నమ్మాను. నటన సంగతి తర్వాత, గాలికి ఆ జుట్టు ఎగిరితే చాలు, సగం సన్నివేశం అదే నడిపిస్తుందని నా లెక్క. బావ రోజూ షూటింగ్‌కు రెండు దువ్వెనలతో వచ్చేవాడు, ఒకటి పోతే ఒకటి ఉండాలని. నేను కెమెరా బిగించి, గురి చూసి, "యాక్షన్" అని అరిచి, మళ్ళీ అటు పక్కకు పరిగెత్తి మిర్చి మీద పడుతున్న మా కోళ్ళను తరిమి, ఇటొచ్చేసరికి బావ జుట్టు సవరించుకుంటూ ఉండేవాడు. బాపుకు మాత్రం నేను చెప్పాల్సింది ఏమీ ఉండేది కాదు. మిర్చి కాయలను కాలితో తిరగేస్తూ, నా వైపు గానీ కెమెరా వైపు గానీ చూడకుండా, తన పని తాను చేసుకునేవాడు. ఎన్నడూ రెండోసారి తీయాల్సి రాలేదు. దర్శకుడిగా నాకు దొరికిన మొదటి పెద్ద నటుడు నన్ను ఖాతరు చేయడం లేదన్న సంగతి అప్పుడు కొంచెం బాధగా ఉండేది గానీ, పైకి మాత్రం గంభీరంగా తల ఊపేవాణ్ణి.

అసలు పరేషాన్ అంతా మా మేనత్తకు పట్టుకుంది. ఆమె బాపుకు అక్క. బాపు మా అందరి మీదా కోపం చేస్తే, బాపు మీద కోపం చేయగల మనిషి ఆమె ఒక్కతే. మూఢంలో సినిమా మొదలుపెట్టామని తెలిసిన నాటి నుంచి ఆమెకు నిద్ర లేదు. "మూఢంల పిల్లను సూసుడే సూడం, కొత్త చీపురు గూడ కొనం. గట్లాంటిది సినిమా మొదలువెడ్తరా? నా కొడుకును వెట్టి?" అని రోజుకోసారి మా వాకిట్లోకి వచ్చి అడిగేది. నేను కెమెరా సంగతి చెప్తే, "ఆ కెమెరాకు మూఢం ఉండది, నా కొడుక్కు ఉంటది" అని కొట్టిపారేసేది. ఆ తర్వాత ఉన్నట్టుండి అడగడం మానేసింది. పైగా షూటింగ్‌కు సకినాలు కూడా పంపింది. ఆమెకు సినిమా మీద మనసు కుదిరిందని నేను మురిసిపోయాను. అసలు జరిగిందేమంటే, మాకెవరికీ చెప్పకుండా కురవి వీరన్నకు మొక్కుకుంది. పిల్లల సినిమా ఏ ఆటంకం లేకుండా నడిస్తే కొడుకు తలవెంట్రుకలు ఇస్తానని.

వీరన్న కూడా మాట మీద నిలబడ్డాడు. ఆ ఎండాకాలం ఒక్క మబ్బు పట్టలేదు, కెమెరా ఒక్కసారి మొరాయించలేదు, బావకు జలుబు కూడా చేయలేదు. ఇక మిగిలింది ఆఖరి సన్నివేశం ఒక్కటే. కొడుకు ఇంట్లోంచి బయలుదేరి, గట్టు మీద నడిచి, కల్లం దగ్గరికి రావడం. ఇంట్లోంచి బయలుదేరే ముక్క తీశాను, జుట్టు గాలికి బ్రహ్మాండంగా ఎగిరింది. మిగతాది ఎల్లుండి తీద్దామని చెప్పాను. ఆ నడుమ ఒక్కరోజు సెలవు దొరికింది. అత్త కొడుకును "దేవుని దర్శనం జేసుకొని వద్దాం రా" అని కురవికి తీసుకుపోయింది. అక్కడ ముందే మాట్లాడి పెట్టిన మనిషి కత్తి నూరుకుని కూర్చున్నాడు. బావ పారిపోదామని చూశాడట గానీ, అత్త గుడి ముందే కళ్ళనీళ్ళు పెట్టుకుని, "నిన్ను గన్నందుకు నా మొక్కు గూడ తీర్సవారా?" అనేసరికి కూలబడ్డాడట. గుండుతో పాటు మీసం కూడా పోయింది.

మర్నాడు బావ తలకు తువ్వాల చుట్టుకుని కల్లం దగ్గరికి వచ్చాడు. కెమెరా ఎట్లా ఉందో చూసుకుపోదామని ఆ రోజే స్టూడియో అన్న కూడా వచ్చి ఉన్నాడు. "పంటి నొప్పా?" అని అడిగాడు. బావ తువ్వాల విప్పాడు. నాకు కాళ్ళ కింద మిర్చి కదిలినట్టయింది. నేను ఏడవబోతుంటే వెనకనే వచ్చిన అత్త, "ఇంక నీ సినిమాకు తిరుగు లేదు బిడ్డా" అని నా భుజం తట్టింది. ఏమనాలి ఆమెను? ఎవరైనా పూలదండ వేస్తే, ఎందుకు వేశావని తిట్టగలమా? స్టూడియో అన్న ఒక్కడే తెలివిలో ఉన్నాడు. "ముందు తీయ్‌రా. ఉన్న గుండును తీయ్. కథ సంగతి తర్వాత సూద్దాం" అన్నాడు. సరేనని బావను గట్టు మీద నడిపించాను. మొహం దగ్గర నుంచి కూడా తీశాను. అప్పుడు బావ ఒకసారి తనను తాను చూసుకుంటానన్నాడు. కెమెరాకు పక్కన ఉండే చిన్న తెరలో చూపించాను. చూశాడు. కింది పెదవి వణికింది. కళ్ళలోంచి బొటబొటా నీళ్ళు కారాయి. (ఇప్పుడు చెప్పడానికి సిగ్గుగానే ఉంది, నేను ఓదార్చడానికి బదులు కెమెరా మళ్ళీ నొక్కాను.) మర్నాడు పొద్దున్నే అతను అడవి నడుమ గంగారంలో ఉన్న వాళ్ళ అక్క ఇంటికి బస్సెక్కేశాడు. "ఎంటికలు వచ్చేదాక రాను. జుట్టు లేని మొఖం జనానికి ఎట్ల సూపియ్యాలె?" అని కబురు పెట్టాడు. ఆ అడవిలో అప్పట్లో ఫోను కలవాలంటే చెట్టెక్కాలి, బావ చెట్టెక్కే మనిషి కాదు.

మూఢం పోవడానికి నాలుగు రోజులుంది. కొడుకు జుట్టుతో బయలుదేరాడు, గుండుతో నడిచాడు, ఇంకా కల్లం దగ్గర కూర్చోలేదు. కూర్చునే మనిషి గంగారంలో ఉన్నాడు. ఆ సన్నివేశంలో కొడుకు వీపే కనబడుతుంది కాబట్టి నేనే కూర్చోవచ్చు, కానీ నావేమో పొట్టి వెంట్రుకలు. అవి నాలుగు రోజుల్లో భుజాల దాకా ఎట్లా వస్తాయి? అంటే జుట్టు సంపాదిస్తే గుండు ముక్కలన్నీ తీసిపారేసి గట్టెక్కవచ్చు. పక్క ఊళ్ళో బాగోతం ఆడే ఒక పెద్దాయన్ని బతిమాలి టోపా జుట్టు తెచ్చాను. అది పెట్టుకుని కల్లం మీద కూర్చుని కెమెరాలో చూసుకుంటే, ఎవరో ఆడమనిషి పుట్టింటి నుంచి అలిగి వచ్చి కూర్చున్నట్టు ఉంది. అన్నం తెచ్చిన అమ్మతో బాపు మెల్లగా, "ఏమే, ఆడ వేషం గూడ వాడేనట్నా?" అన్నాడు. టోపా జుట్టు సాయంత్రానికల్లా తిరిగి బాగోతంలో కలిసింది.

స్టూడియో అన్న ఇంకో దారి చూపించాడు. ఆయన పెళ్ళిళ్ళతో పాటు చావులు కూడా తీసినవాడు. "ఊర్లె మనిషి గుండు ఎప్పుడు జేయించుకుంటడు? తండ్రి సత్తె. సంపేయ్ తండ్రిని. ఫొటో వెట్టి దండెయ్యి. కొడుకు ఏడ్వాలె, ఏడ్సింది నీ దగ్గర ఉండనే ఉన్నది. అయిపాయె" అన్నాడు. నాకు ఒళ్ళు పులకరించింది. ఇంత విషాదాంతం నా చేతికి దొరుకుతుందని అనుకోలేదు. ఆ ఉత్సాహంలో ఇంటికి పోయి, అందరూ ఉన్నప్పుడు, బాపు ఫొటో ఒకటి కావాలని, దండ సంగతి కూడా కలిపి చెప్పేశాను. అమ్మ చేతిలో గంటె అట్లాగే ఆగిపోయింది. అత్త మాత్రం ఆగలేదు. "నేను మొక్కింది మీ సినిమా సల్లగుండాలని. మా తమ్ముడు సావాలని గాదు! నా మొక్కు తోని నా తమ్ముణ్ణే సంపుతవారా నువ్వు?" అని వాకిట్లో నిలబడి నాలుగిళ్ళకు వినబడేటట్టు అడిగింది. బాపు తువ్వాలతో మొహం తుడుచుకుని అమ్మతో అన్నాడు. "మిర్చి మార్కెట్‌కు పోయినంక తీరువడిగ సత్తనని చెప్పు వానికి. ఇప్పుడైతే తీరదు." ఆ రాత్రి ఇంట్లో ఉన్న బాపు ఫొటోలన్నీ, పెళ్ళి ఫొటోతో సహా, అమ్మ ట్రంకు పెట్టెలో పెట్టి తాళం వేసింది. విషాదాంతం అక్కడితో ముగిసింది.

ఇక మిగిలింది ఒక్కటే. జుట్టు ఎవరిది వాళ్ళదే గానీ, వెనక నుంచి చూస్తే గుండు అందరిదీ ఒకటే. మహబూబాబాద్‌లో స్టేషన్ దగ్గర సెలూన్‌లో కూర్చుని గుండూ, మీసం రెండూ తీయించేశాను. కథలో గుండు ఎందుకొచ్చిందన్న ప్రశ్నకు మాత్రం నా దగ్గర జవాబు లేదు. ఎడిటింగ్‌లో చూసుకుందాంలే అనుకున్నాను (సినిమావాళ్ళు మునిగేటప్పుడు అనే మాట ఇదేనని తర్వాత తెలిసింది). తిరుగు బస్సులో మా ఊరి పెద్దమ్మ ఒకామె నన్ను చూసి గుండె మీద చెయ్యి వేసుకుంది. "అయ్యో కొడుకా, ఎప్పుడాయెరా? మొన్ననే మిర్చి తిరగేసుకుంట కనవడె గదరా మీ బాపు!" బాపు బాగున్నాడని, ఇది సినిమా కోసమని ఎంత చెప్పినా ఆమె నమ్మలేదు. దుఃఖంలో పిల్లవాడికి మతి తప్పిందని పక్కామెతో చెప్పి ఇంకా గట్టిగా ఏడ్చింది. ముందు సీట్లవాళ్ళు లేచి నాకు చోటిచ్చారు. కండక్టర్ వచ్చి, "ధైర్యంగ ఉండాలె తమ్మి, పెద్దోడివి" అన్నాడు. నేను కూడా చివరికి తల దించుకుని కూర్చున్నాను, అంతమంది అంత ప్రేమగా చూస్తుంటే కాదనడం మర్యాదగా అనిపించలేదు. బస్సు దిగి పెద్దమ్మ, ఇంకో ముగ్గురు ఆడవాళ్ళు కొంగులు నోటికి అడ్డం పెట్టుకుని నేరుగా మా కల్లం వైపు నడిచారు. అక్కడ బాపు చుట్ట కాల్చుకుంటూ కనబడ్డాడు. ఆ సాయంత్రం అమ్మ మీదుగా కబురొచ్చింది. "ఊర్లె ఇంటింటికి తిరిగి, నేను బతికే ఉన్ననని చెప్పి రమ్మను." తిరిగాను. గుండుతో గుమ్మం ముందు నిలబడి "మా బాపు బతికే ఉన్నడు" అని చెప్పడం ఎంత కష్టమో చేసినవాడికే తెలుస్తుంది.

ఆఖరి రోజు వచ్చింది. సాయంత్రానికి కెమెరా ఇచ్చేయాలి, తెల్లారితే పెళ్ళి ఉంది. మధ్యాహ్నం ఎండ నెత్తి మీద ఉండగా కెమెరాను స్టాండు మీద బిగించి, ఒక పక్క బాపు మొహం, ఇటు నా గుండు వెనక భాగం, చుట్టూ ఎర్రటి మిర్చి వచ్చేటట్టు గురి చూసుకున్నాను. అమ్మ చెంబు తెచ్చి బాపు పక్కన పెట్టింది. "మాట్లాడేది ఏం లేదు, జెరసేపు ఆగి చెంబు అందిస్తె సాలు అని చెప్పమ్మా" అన్నాను. చెప్పి అమ్మ దూరంగా పోయింది. బటన్ నొక్కి, పరిగెత్తి వచ్చి, బాపు ముందు కూర్చున్నాను. నా వెనక కెమెరా దానంతట అదే నడుస్తోంది. బాపు చెంబు వైపు చూశాడు. నన్ను చూశాడు. చెంబు ముట్టుకోలేదు. కొన్ని నెలల తర్వాత బాపు కళ్ళు నేరుగా నా కళ్ళలోకి చూడటం అదే మొదలు. చెయ్యి చాపి, అరచెయ్యి నా గుండు మీద పెట్టాడు. మెల్లగా ముందు నుంచి వెనక్కి నిమిరాడు. "ఎవలికోసం మొక్కినవ్‌రా?" అన్నాడు.

మాటల రచయితను నేనే గదా, ఈ మాట నేను రాయలేదు. కథలో గుండు ఎందుకొచ్చిందో ఆ ఒక్క మాటే చెప్పేసింది. "నీకోసమే బాపు" అన్నాను. నిజానికి గుండు చేయించుకున్నది సినిమా కోసం. కానీ అన్న తర్వాత అది అబద్ధంలా అనిపించలేదు. "నాకేమైందని?" అన్నాడు బాపు. సరిగ్గా అప్పుడే నా తల మండటం మొదలైంది. పొద్దంతా మిర్చి కలిపిన చెయ్యి అది, నాదేమో అప్పుడే గీసిన గుండు, అక్కడక్కడా కత్తి గాట్లు కూడా ఉన్నాయి. నిప్పులు పోసినట్టుంది. అరిస్తే ముక్క పాడవుతుంది, లేస్తే కెమెరా ఇక దొరకదు. పళ్ళు బిగబట్టి కూర్చున్నాను. భుజాలు ఎగిరెగిరి పడుతున్నాయి, కళ్ళలోంచి నీళ్ళు ధారగా కారుతున్నాయి. ఆ కన్నీళ్ళలో మిర్చి వాటా ఎంతో, బాపు నాతో మాట్లాడాడన్న సంతోషం వాటా ఎంతో నాకు ఇప్పటికీ తెలియదు. బాపు తన భుజం మీది తువ్వాల తీసి నా నెత్తి మీద కప్పి, "ఎండ కొడ్తాంది" అన్నాడు. అప్పుడు చెంబు అందించాడు. నేను తాగకుండా మొత్తం నెత్తి మీద కుమ్మరించుకున్నాను. (కెమెరా ఆపిన తర్వాత కాదు, నడుస్తుండగానే. ఆ కాస్తా తర్వాత కోసేశాను.)

జనగామలో పోటీ ఒక చిన్న హాల్లో జరిగింది. ప్లాస్టిక్ కుర్చీలు, గోడకు కట్టిన తెల్ల బట్ట. మా సినిమా వంతు వచ్చేసరికి అప్పటికే ఆరేడు చూసి జనం ఆవులిస్తున్నారు. నేను కంప్యూటర్ పక్కన నిలబడి, సినిమాను కాదు, కుర్చీలనే చూశాను. బయటివాళ్ళలో ఒక్కడు లేచి పోయినా నా బతుకు భూపాలపల్లి. మొదటి పది నిమిషాల్లో ఇద్దరు దగ్గారు, ఒకడు ఫోను తీశాడు. గుండు రాకముందే వెనక వరుసలో ఒకతను లేచాడు. నా ప్రాణం పోయినంత పనైంది. అతను తలుపు దాకా పోయాడు. తలుపు దగ్గర చీకట్లో ఎవరో అడ్డంగా నిలబడి ఉన్నారు. "కూసో బిడ్డా, జెరంత సేపే. గుండు వస్తది ఇగ" అన్న గొంతు వినబడింది. అతను తికమకపడి వచ్చి కూర్చున్నాడు. కాసేపటికి ఇంకొకాయన లేస్తే, ఆయనకూ అదే గొంతు. "నీళ్ళు నేను తెచ్చిత్త గని, నువ్వు సూడు." షరతు పెట్టిన మనిషే తలుపుకు అడ్డం నిలబడి, ఒక్కణ్ణీ బయటికి పోనివ్వలేదు. నాకు తెర మీద ఏముందో కాసేపు కనబడలేదు. బాపు చెయ్యి గుండు మీద పడ్డప్పుడు హాలు మొత్తం చప్పుడు లేకుండా అయిపోయింది. ఇక ఎవరినీ కూర్చోబెట్టాల్సిన అవసరం రాలేదు.

బహుమతి రాలేదు. కానీ ఇద్దరు ముగ్గురు వచ్చి, అంతలా ఏడ్చిన హీరో ఎవరని అడిగారు. అప్పటికి ఒక అంగుళం జుట్టుతో గంగారం నుంచి వచ్చిన బావ ముందుకు నడిచి అందరికీ చేతులు కలిపాడు. తాను పాత్రలో మునిగి ఏడ్చానని ఆ రోజు నుంచి గట్టిగా నమ్ముతున్నాడు, నేనూ కాదనలేదు. జుట్టు తీయించింది తానేనని అత్త కూడా పక్కన నిలబడి చెప్పింది. తర్వాత నిర్వాహకుల్లో ఒకాయన నన్ను వేదిక మీదికి పిలిచి మైకు ఇచ్చి, ఆ కల్లం సన్నివేశం ఎట్లా ఆలోచించారని అడిగాడు.

ఇవాళ్టికీ నేను చిన్న సినిమాలే తీస్తాను, ఇంకా కథ, కెమెరా, కూర్పు అన్నీ ఒక్కణ్ణే చేసుకుంటాను. ఎవరైనా నన్ను ఏదైనా సన్నివేశం గురించి అడిగితే రెండు ముక్కలు చెప్పి తప్పించుకుంటాను. కానీ ఆ రోజు, అప్పటి నేనైన ఆ కుర్రవాణ్ణి ఆపేవాళ్ళు లేకపోయారు. మొలిచీ మొలవని జుట్టుతో, మైకు రెండు చేతుల్లో పట్టుకుని, మౌనం గురించి, దూరం గురించి, తండ్రి చెయ్యి ఎప్పుడు పైకి లేవాలో తాను నెలల ముందే ఎట్లా ఊహించి పెట్టుకున్నాడో, కొడుకు భుజాలు వణకడానికి ఎన్ని రోజులు సాధన చేయించాడో పావుగంట సేపు దంచేశాడు. బాపు తలుపు దగ్గర నిలబడి, చేతులు కట్టుకుని, మొత్తం విన్నాడు.

తిరుగు బస్సులో బాపు నా పక్క సీట్లో కూర్చున్నాడు. అమ్మ ముందు సీట్లో నిద్రపోతోంది. చాలా దూరం పోయాక బాపు, "గంత ఆలోచన జేసి తీసినవారా?" అని అడిగాడు.

"అవును బాపు" అన్నాను.

బాపు కిటికీ వైపు తిరిగిపోయాడు. నవ్వు ఆపుకోలేక భుజాలు ఊగుతున్నాయి. నేను, ఆ వయసులో, ఆయన గర్వంతో మురిసిపోతున్నాడేమో అనుకున్నాను.